సింగర్ వెనకాల వాయించే బ్యాండ్‌కి సొంతంగా పేరొచ్చిన సందర్భం ఏదైనా ఉందా?

ఉందండి, ఇంగ్లాండ్‌కి చెందిన ది టోర్నడోస్. కాలేజీ రోజుల్లో నేను మా ఊరి ఆర్కెస్ట్రాలో మూడేళ్ళు కీబోర్డ్ వాయించా, పెళ్ళిళ్ళు, చవితి పందిళ్ళు అన్నీ తిరిగాం, బ్యానర్ మీద సింగర్ల ఫొటోలే ఉండేవి, మా పేర్లు మైకులో కూడా చెప్పేవాళ్ళు కాదు. అందుకే వీళ్ళంటే నాకు అంత ఇష్టం.

జో మీక్ అనే రికార్డ్ ప్రొడ్యూసర్ తన స్టూడియోలో వేరేవాళ్ళ పాటలకి వాయించడానికి వీళ్ళని పోగేశాడు. స్టూడియో అంటే ఏదో అనుకునేరు, లండన్ హాలోవే రోడ్‌లో 304 నంబరు, కింద లెదర్ సామాన్ల షాపు, పైన అద్దె వాటా, అంతే. స్టేజి మీదేమో బిల్లీ ఫ్యూరీ అనే స్టార్ సింగర్ వెనక వాయించేవాళ్ళు. 1962 జులైలో టెల్‌స్టార్ ఉపగ్రహం పైకెళ్ళింది, మీక్ దాని పేరుతోనే ట్యూన్ కట్టేశాడు, ఆగస్టులో రికార్డు వచ్చేసింది. అందులో పాడేవాళ్ళే లేరు, అంతా వాయిద్యమే! ఇంగ్లాండ్‌లో 5 వారాలు నంబర్ 1, డిసెంబర్‌లో అమెరికాలో కూడా నంబర్ 1. హాట్ 100 అంటే అమెరికాలో పాటల ర్యాంకుల పట్టిక, అందులో నంబర్ 1కి ఎక్కిన మొదటి బ్రిటిష్ గ్రూపు వీళ్ళే, బీటిల్స్ ఆ మెట్టెక్కింది 1964లో.

అందులో మెయిన్ ట్యూన్ క్లావియోలిన్ మీద మోగుతుంది, అంటే చిన్న ఎలక్ట్రానిక్ కీబోర్డ్, ఒకసారికి ఒక్క స్వరమే పలుకుతుంది. దాన్ని బ్యాండ్ వాయించేశాక మీక్ దగ్గర పాటలు రాసే జెఫ్ గొడార్డ్ వాయించి పైన కలిపాడు. మొదటిసారి విన్నప్పుడు ఈ సౌండ్ నాకు తెలుసే అనిపించింది, ఎక్కడబ్బా అని చాలాసేపు ఆలోచిస్తే తట్టింది, 1954 హిందీ నాగిన్ సినిమాలో పాములోళ్ళ నాగస్వరం! అది కూడా క్లావియోలినే, వాయించింది కల్యాణ్‌జీ. ఊరేగింపుల్లో నాగిన్ డాన్స్‌కి నేను కీబోర్డ్ మీద వందసార్లు వాయించిన బిట్టు అదే, చెప్తుంటే ఇప్పటికీ ఒళ్ళు పులకరిస్తుంది నాకు.

ఆ ఊపు ఎక్కువ రోజులు లేదు. 1963లో బాస్ గిటార్ వాయించేవాడు సోలో సింగర్ అవుతానని వెళ్ళిపోయాడు, ఇంకో రెండు మూడు హిట్లొచ్చాయి, ఈలోపు బీటిల్స్ వచ్చేశారు, గిటార్లు పట్టుకుని పాడే గ్రూపులే కావాలన్నారు జనం, అసలు టీమ్ చెల్లాచెదురైపోయింది. డ్రమ్మరేమో మళ్ళీ వెనక్కే, అంటే వేరేవాళ్ళ రికార్డింగులకి వాయించే సెషన్ డ్రమ్మర్‌గా, ఇంగ్లాండ్‌లో నంబర్ 1 కొట్టిన 40కి పైగా రికార్డుల్లో వాయించాడు, ఎంతమందికి తెలుసు చెప్పండి!

లండన్‌లో ఉద్యోగంలో ఉన్నప్పుడు ఒక ఆదివారం 43 నంబరు బస్సెక్కి హాలోవే రోడ్ వెళ్ళా. గోడ మీద నల్ల ఫలకం ఉంది, జో మీక్, టెల్‌స్టార్ మ్యాన్, 1929–1967 అని. మంచిదే, ఆయన అర్హుడే. కానీ వాయించినవాళ్ళ పేరు ఒక్కటీ లేదు, అక్కడ నిలబడితే మా ఆర్కెస్ట్రా బ్యానరే గుర్తొచ్చింది. అందుకే ఇక్కడ రాస్తున్నా: డ్రమ్స్ క్లెమ్ కటీనీ, లీడ్ గిటార్ అలన్ క్యాడీ, రిథమ్ గిటార్ జార్జ్ బెల్లమీ, బాస్ హైంజ్ బర్ట్, కీబోర్డ్ రోజర్ లావర్న్.