ఫైనల్ కీ మీద హైకోర్టుకు వెళ్లాలా?

ప్రశ్న: మా అమ్మాయికి రాష్ట్ర సర్వీస్ కమిషన్ పరీక్షలో ఒక్క మార్కు తేడాతో ఉద్యోగం పోయింది. ఫైనల్ కీలో మూడు జవాబులు తప్పంటోంది. తోటి అభ్యర్థులు తలా కొంత వేసుకుని హైకోర్టులో రిట్ వేస్తున్నారు, మమ్మల్నీ చేరమంటున్నారు. చేరాలా? కేసు వేస్తే రేపు వేరే ఉద్యోగానికి అడ్డొస్తుందేమోనని భయం. ఫలితాలు వచ్చిన దగ్గర్నుంచి పిల్ల పుస్తకం ముట్టడం లేదు.
– ఒక తండ్రి

జవాబు: ముందు మీ భయం సంగతి చూద్దామండీ. రిట్ పిటిషన్ అంటే ప్రభుత్వ సంస్థ తప్పు సరిదిద్దమని హైకోర్టును అడగడం, అది క్రిమినల్ కేసు కాదు. ఉద్యోగంలో చేరేటప్పుడు నింపే అటెస్టేషన్ ఫారంలో అడిగేది అరెస్టులు, క్రిమినల్ కేసుల గురించి. ప్రభుత్వ ఉద్యోగాల్లో అందరికీ సమాన అవకాశం ఉండాలని రాజ్యాంగంలోని 16వ అధికరణ చెబుతోంది. ఆ హక్కు కోసం కోర్టుకెళ్తే అమ్మాయి పేరుకు మచ్చేమీ రాదు.

ఇక కేసు బలం. నియామకాల వివాదాల్లో కీ మీద వేసేవి చాలా కష్టమైనవి. కీ తప్పని స్పష్టంగా రుజువైతే తప్ప అది సరైనదనే భావించాలని సుప్రీంకోర్టు 1983లోనే కాన్పూర్ యూనివర్సిటీ కేసులో చెప్పింది. 2017లో రణ్‌విజయ్ సింగ్ కేసులో ఇంకా గట్టిగా, అనుమానం మిగిలితే దాని లాభం పరీక్ష పెట్టిన సంస్థకే గాని అభ్యర్థికి కాదంది. కాబట్టి ‘రెండు ఆప్షన్లూ సరిపోతాయి కదా’ అనే వాదన నిలబడదు. పుస్తకం తెరిచి ఆ వాక్యం చూపిస్తే జడ్జిగారికి వేరే వివరణ అక్కర్లేనంత తేటగా తప్పు కనబడాలి.

అందుకే డబ్బు కట్టేముందు ఆ మూడు ప్రశ్నలూ ముందేసుకుని అమ్మాయితో కూర్చోండి. ప్రిలిమినరీ కీ వచ్చినప్పుడు గడువులోగా అభ్యంతరం పెట్టిందా? రసీదు ఉందా? ఏ పుస్తకం, ఏ పేజీ చూపించింది? అప్పుడు ఊరుకుని ఇప్పుడు అడిగితే, ‘అవకాశం ఇచ్చాం కదా’ అని కమిషన్ లాయరు మొదటి మాటే అంటారు. ఇంకో లెక్క కూడా వేయండి, చాలామంది ఇది మరిచిపోతారు. కీ సరిచేస్తే మార్కు మీ అమ్మాయికొక్కదానికే కలవదు, ఆ జవాబు గుర్తించిన ప్రతి ఒక్కరికీ కలుస్తుంది. ఇప్పుడు ఆమెకు కింద ఉన్నవాళ్లూ పైకి రావచ్చు. మూడింట్లో ఒకటే నిలిచినా కటాఫ్ దాటుతుందా అన్నది అప్పుడుగానీ తేలదు.

కోర్టులు గట్టిగా పట్టుకునేది పద్ధతిలో తప్పుని. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లోనే జిల్లా జడ్జీల ఎంపికలో, ఇంటర్వ్యూలు అయిపోయాక ఇంటర్వ్యూకి కనీస మార్కులు పెట్టారు. ఆట మొదలయ్యాక నిబంధనలు మార్చడం కుదరదని 2008లో మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు దాన్ని తప్పుపట్టింది. ఐదుగురు జడ్జీల ధర్మాసనం 2024 నవంబరులో ఆ సూత్రాన్నే నిలబెట్టింది. 2023 సెప్టెంబరులో తెలంగాణ గ్రూప్-1 ప్రిలిమ్స్‌ను హైకోర్టు రద్దు చేయడానికి ముఖ్య కారణం కూడా బయోమెట్రిక్ హాజరు తీసుకోకపోవడమే. మీ అమ్మాయి నోటిఫికేషన్‌లో ఇలాంటిదేమైనా ఉందేమో లాయరుతో చదివించండి.

గెలిస్తే ఏమొస్తుందో కూడా తెలుసుకోవాలి. ఎంపిక జాబితాలో పేరున్నంత మాత్రాన ఉద్యోగం మీద తిరుగులేని హక్కు రాదని 1991లో శంకర్‌సన్ దాష్ కేసు తేల్చింది. కీ కేసులో మామూలుగా దక్కేది మళ్లీ మార్కులు లెక్కించమనే ఆదేశం. నియామక పత్రం చేతికిచ్చే తీర్పు అరుదు.

రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు ఉద్యోగ వివాదాలు చూసే అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ లేదు, నేరుగా హైకోర్టే. అందరితో కలిసి వేసేట్టయితే అఫిడవిట్ డ్రాఫ్టు చేతికి తీసుకుని చదవండి. ఒకరిది కీ బాధ, ఇంకొకరిది లోకల్ స్టేటస్ (స్థానిక అభ్యర్థి అవునా కాదా) బాధ అయితే కలపొద్దు, మీ వాదన పలచబడుతుంది. ఎంపికైనవాళ్లను ప్రతివాదులుగా చేర్చారా? ఆమె కేటగిరీలో ఒక పోస్టు ఖాళీగా ఉంచాలని, లేదంటే నియామకాలు తుది తీర్పుకు లోబడి ఉండాలని మధ్యంతర ఉత్తర్వు అడిగారా? అది లేకుండా నెలలు గడిస్తే పోస్టులు నిండిపోతాయి. వేరేవాళ్లు గెలిచాక వెళ్దాంలే అనుకోకండి. గట్టు మీద కూర్చుని చూసినవాళ్లకు ఆ లాభం సాధారణంగా రాదని 2014లో సుప్రీంకోర్టు చెప్పింది.

నా అభిప్రాయం: మూడింట్లో ఒక్కదానికైనా రసీదూ పేజీ నంబరూ ఉండి, ఆ ఒక్కదానితోనే కటాఫ్ దాటే వీలుంటే ఈ వారంలోనే చేరండి. లేకపోతే ఆ డబ్బు ఆమె కోచింగుకి, టెస్ట్ సిరీస్‌కి పెట్టండి.

చేరినా సరే, వకాలత్ (లాయరుకు కేసు అప్పగించే పత్రం) మీద, అఫిడవిట్ మీద సంతకం అయ్యాక కోర్టులో ఆమె చేయాల్సింది పెద్దగా ఉండదు. వాయిదాలకు లాయరు వెళ్తారు, కేసు ఎక్కడిదాకా వచ్చిందో హైకోర్టు వెబ్‌సైట్‌లో మీరు చూసుకోవచ్చు. ఆ పని మీరే పెట్టుకోండి, పిల్లకు అప్పగించకండి. అభ్యర్థుల వాట్సాప్ గ్రూపులో కూడా ఆమె బదులు మీ నంబరే ఉండనివ్వండి. తర్వాతి నోటిఫికేషన్ సిలబస్ తీసి, ఈసారి మార్కులు తగ్గిన సబ్జెక్టుతో రేపే మొదలుపెట్టమనండి. వయోపరిమితి కేసు తేలేదాకా ఆగదు కదండీ.