రిపోర్టులో ‘కె’ ఎక్కువైంది.. ఆకుకూరలు మానేసినా ఎందుకు తగ్గలేదు?

ప్రశ్న: మాది అంబాజీపేట దగ్గర పల్లెటూరు. నాన్నగారికి 68 ఏళ్లు, కొబ్బరి తోట చూసుకుంటారు. బీపీ, షుగర్ ఉన్నాయి. ఏడాది క్రితం గుండె లయ తప్పుతోందని రక్తం పలచబడే బిళ్ల ఎసినోకౌమరాల్ మొదలుపెట్టారు. విటమిన్ కె ఉన్న ఆకుకూరలు ఎక్కువ తినొద్దని చీటీలో రాశారు. మేము భయపడి మూడు నెలలుగా ఇంట్లో ఆకుకూర వండటమే మానేశాం. ఒంటికి చలవ చేస్తుందని రోజూ రెండు కొబ్బరి బొండాలు ఇస్తున్నాం. పోయిన వారం రక్తపరీక్షలో ‘కె 5.7’ అని, ఎక్కువగా ఉన్నట్టు గుర్తు పెట్టి ఇచ్చారు. అదే ఫైల్లో ప్లేట్‌లెట్లు ‘186 కె’ అని ఉంది. శుక్లాల ఆపరేషన్ కోసం కంటికి చేసిన పరీక్షలో ‘కె1 43.50, కె2 44.25’ అని ఉంది. ఆకుకూరలు పూర్తిగా మానేసినా కె ఇంత ఎందుకుంది? ఇంకా ఏం మానేయాలి? బీపీకి టెల్మిసార్టాన్, కాళ్ల వాపుకి స్పైరోనోలాక్టోన్ వాడుతున్నారు. మోకాళ్ల నొప్పులు ఎక్కువైనప్పుడు మెడికల్ షాపులో బిళ్ల తెచ్చుకుంటారు.
– ఒక పాఠకురాలు

జవాబు: అమ్మా, ముందు చేయాల్సిన పని చెబుతాను. వివరం తర్వాత చదువుకోవచ్చు. బొండాలు ఇవాళే ఆపేయండి. మోకాళ్ల నొప్పుల బిళ్ల కూడా ఆపేయండి. రక్తపరీక్షలో 5.7 ఉన్న కె అంటే పొటాషియం. మందులు రాసిన డాక్టరుగారికి ఇప్పుడే ఫోన్ చేసి ‘పొటాషియం 5.7 వచ్చింది, టెల్మిసార్టాన్, స్పైరోనోలాక్టోన్ రెండూ వాడుతున్నారు’ అని ఈ మాటల్లోనే చెప్పండి. పొటాషియం, కిడ్నీ పనితీరు చెప్పే క్రియాటినిన్, రక్తం గడ్డకట్టడానికి ఎంతసేపు పడుతుందో చెప్పే ఐఎన్‌ఆర్ పరీక్షలు, ఒక ఈసీజీ ఇవాళే చేయించండి. ఇవాళ ఎలాగూ కుదరకపోతే రేపు పొద్దున్నే చేయించండి. ఈలోగా కాళ్లూ చేతులూ పట్టు తప్పినట్టున్నా, గుండె దడగా ఉన్నా, నాడి బాగా నెమ్మదించినా, కళ్లు తిరిగి తూలినా అర్ధరాత్రైనా సరే ఎమర్జెన్సీకి తీసుకెళ్లండి. మనిషి మామూలుగానే తిరుగుతున్నారు కదా అని ఊరుకోవద్దు. పొటాషియం పెరిగినా చాలామందికి పైకి ఏమీ తెలియదు. గుండె మీద దాని ప్రభావం ఈసీజీలో కనిపిస్తుంది.

ఇక మీ ప్రశ్న. మీరు పంపిన ఫొటోల్లో కె అన్న అక్షరం కనిపించిన చోటల్లా ఎర్ర పెన్నుతో సున్నా చుట్టారు. లెక్కపెడితే ఐదు సున్నాలు ఉన్నాయి. వాటిలో ఉన్నవి నాలుగు వేర్వేరు విషయాలు, ఒకదానికీ ఇంకోదానికీ చుట్టరికం లేదు. మీరు ఒక కె తగ్గుతుందని ఆకుకూర మానేశారు, పెరిగింది మాత్రం ఇంకో కె. తప్పు మీది కాదు. చీటీలో విటమిన్ కె అని రాసినవాళ్లు, రిపోర్టులో కె అని అచ్చు వేసినవాళ్లు తమ తమ అలవాటు ప్రకారం రాసుకుపోయారు. ఇంట్లో కూర్చుని రెండూ కలిపి చదువుకోవాల్సింది మీరు. ఈ రెండూ వేరని మీతో ఒక మాట అనాలని మాకు, అంటే డాక్టర్లకు, తట్టాలి.

రక్తపరీక్షలో 5.7 అని ఉన్న కె పొటాషియం. పొటాషియం పేరులో కె అక్షరమే లేదు కదా అని మీకు అనుమానం రావచ్చు. 1807లో హంఫ్రీ డేవీ అనే ఆయన పొటాష్ నుంచి, అంటే మొక్కల బూడిదను నీళ్లలో కలిపి మరిగించగా వచ్చే ఉప్పులాంటి పదార్థం నుంచి, ఈ లోహాన్ని విడదీశాడు. ఇంగ్లిష్‌లో పేరు పొటాష్ నుంచి వచ్చింది. లాటిన్‌లో మాత్రం దాన్ని కాలియం అన్నారు. మొక్కల బూడిదకు అరబ్బీలో ఉన్న మాట దానికి మూలం. గుర్తుగా ఆ కాలియంలోని మొదటి అక్షరం స్థిరపడింది. నాన్నగారికి ఇదంతా చెప్పక్కర్లేదు. తోటలో వేసే ఎరువు సంచి మీద ఎన్‌పీకే అని ఉంటుంది చూశారూ, అందులో చివరి కె ఇదే. కొబ్బరి చెట్టుకి పొటాష్ తగ్గితే కాపు ఎలా ఉంటుందో ఆయనకి మనకంటే బాగా తెలుసు. చెట్టు అంత పొటాష్ లాక్కుని కాయలోకి, నీళ్లలోకి పంపిస్తుంది. ఆ నీళ్లే మీరు రోజుకి రెండు బొండాలు ఇస్తున్నారు.

లెక్క వేసి చూపిస్తాను. వంద మిల్లీలీటర్ల లేత బొండం నీళ్లలో సుమారు 200 నుంచి 250 మిల్లీగ్రాముల పొటాషియం ఉంటుంది. ఒక మంచి బొండంలో 300 మిల్లీలీటర్లు అనుకున్నా 600 మిల్లీగ్రాములకు పైమాటే. రెండు బొండాలంటే 1,200 దాటింది. ఆరోగ్యంగా ఉన్న పెద్దవాళ్లకి రోజు మొత్తం తిండిలో కావాల్సిన పొటాషియం సుమారు 3,500 మిల్లీగ్రాములు. కిడ్నీలు బాగా పనిచేసేవాళ్లకి బొండాల వల్ల ఇబ్బంది లేదు, ఎక్కువైనది మూత్రంలో పోతుంది. ఎండలో పనిచేసేవాళ్లకి, కిడ్నీ జబ్బు లేనివాళ్లకి బొండం నిజంగా మంచిది. అందుకే ఇది చదివి ఊళ్లో అందరూ బొండాలు మానేయకండి. నాన్నగారి సంగతి వేరు. చాలా ఏళ్లు షుగర్, బీపీ ఉన్నవాళ్లలో కిడ్నీ కొంత నెమ్మదించి ఉండొచ్చు. క్రియాటినిన్ చేయించమన్నది అందుకే. పైగా టెల్మిసార్టాన్, స్పైరోనోలాక్టోన్ రెండూ పొటాషియాన్ని బయటికి పోనివ్వకుండా ఒంట్లోనే పట్టి ఉంచుతాయి. కాళ్ల వాపుకి వాడే బిళ్లలన్నీ ఒకటి కావు. ఫ్యూరోసెమైడ్ లాంటివి పొటాషియాన్ని బయటికి పంపేస్తాయి, స్పైరోనోలాక్టోన్ ఆపి ఉంచుతుంది. రెంటినీ ‘నీరు తీసే బిళ్ల’ అనే అంటాం కాబట్టి డాక్టరుకి ఫోన్ చేసినప్పుడు అట్ట మీద పేరు చదివి చెప్పండి. టెల్మిసార్టాన్, స్పైరోనోలాక్టోన్ రెండూ అవసరమై ఇచ్చినవి, మీ అంతట మీరు ఆపొద్దు. మోతాదు తగ్గించాలా, ఒకటి కొన్నాళ్లు నిలపాలా అన్నది డాక్టరుగారు చెబుతారు.

నన్ను అన్నిటికంటే భయపెట్టింది మోకాళ్ల నొప్పుల బిళ్ల. డైక్లోఫెనాక్, ఐబుప్రొఫెన్ లాంటివి కిడ్నీని దెబ్బతీసి పొటాషియం పెంచుతాయి. రక్తం పలచబడే మందు వాడేవాళ్లకి కడుపులో రక్తస్రావం కూడా తెస్తాయి. నొప్పి భరించలేకపోతే పారాసిటమాల్ ఎంతవరకు వాడొచ్చో డాక్టరునే అడగండి. రోజూ వాడితే దాంతో కూడా ఐఎన్‌ఆర్ మారుతుంది. ఇంట్లో ‘తక్కువ సోడియం’ ఉప్పు ప్యాకెట్ ఉంటే అదీ పక్కన పెట్టండి. బీపీకి మంచిదని కొంటారు, కానీ సోడియం తగ్గించినంత మేర అందులో పొటాషియం క్లోరైడ్ కలుపుతారు.

ఒకవేళ రెండోసారి పరీక్షలో 4.6 అనో 4.8 అనో వస్తే ఆశ్చర్యపోకండి. మామూలుగా ఉండాల్సింది 3.5 నుంచి 5 మధ్య. ఎర్ర రక్తకణాల లోపల ఉండే పొటాషియం బయట ఉన్నదానికి ఇరవై ముప్పై రెట్లు ఎక్కువ. రక్తం తీసేటప్పుడు కణాలు చితికితే లోపలిది బయటికి వచ్చి అంకె పెరుగుతుంది. నరం దొరకడానికి పిడికిలి పదేపదే బిగించమన్నా చేతి కండరాల్లోని పొటాషియం రక్తంలోకి వచ్చి పెరుగుతుంది. మన పల్లెల్లో కలెక్షన్ సెంటర్‌లో తీసిన శాంపిల్ ఐస్ డబ్బాలో పెట్టి బండి మీద టౌనుకి పంపుతారు కదా, కణాలు వేరు చేయకుండా చల్లగా గంటల తరబడి ఉంచినా అంతే. కాబట్టి రెండోసారి రక్తం ల్యాబ్ ఉన్న చోటికే వెళ్లి ఇవ్వండి. అలా అని మొదటి అంకె ఉత్తదే అనుకుని పరీక్ష వాయిదా వేయొద్దు. 6 దాటితే ఆలోచించకుండా అదే రోజు ఆస్పత్రిలో చూపించాలి.

ఇప్పుడు చీటీలో రాసిన విటమిన్ కె. ఏ, బి, సి, డి, ఇ అయ్యాక కె ఎందుకొచ్చిందంటే, డెన్మార్క్ శాస్త్రవేత్త హెన్రిక్ డామ్ కొవ్వు లేని మేత పెట్టిన కోడిపిల్లలకి రక్తం కారడం గమనించి, రక్తం గడ్డకట్టడానికి కావాల్సిన పదార్థం ఏదో లోపించిందని కనిపెట్టాడు. గడ్డకట్టడాన్ని వాళ్ల భాషలో ‘కోగ్యులేషన్’ అంటూ కె తోనే రాస్తారు. 1935లో దానికి విటమిన్ కె అని పేరు పెట్టాడు. 1943 నోబెల్ బహుమతి ఆయనకీ, ఆ విటమిన్ రసాయన స్వరూపం తేల్చిన ఎడ్వర్డ్ డోయిజీకీ దక్కింది. పుట్టిన బిడ్డకి తొడలో వేసే ఇంజెక్షన్ కూడా ఈ విటమినే, లోపల రక్తస్రావం కాకుండా వేస్తారు.

నాన్నగారి రక్తం పలచబడే బిళ్ల ఈ విటమిన్‌కి ఎదురు పనిచేస్తుంది. గుండె లయ తప్పినప్పుడు గుండెలో రక్తం గడ్డకట్టి మెదడుకి వెళ్లి పక్షవాతం తెస్తుంది. అది రాకుండా ఐఎన్‌ఆర్ 2 నుంచి 3 మధ్య ఉండేలా మోతాదు సరిచూస్తారు. ఆ మోతాదు ఆయన అప్పటికి తింటున్న తిండిని బట్టి కుదిరింది. వారానికి మూడుసార్లు తోటకూర తినే మనిషికి కుదిర్చిన మోతాదు, తోటకూర పూర్తిగా మానేస్తే ఎక్కువైపోతుంది. అప్పుడు ఐఎన్‌ఆర్ పెరిగి చిగుళ్ల నుంచి రక్తం, ఒంటి మీద నల్లటి మచ్చలు, మలం నల్లగా రావడం మొదలవుతాయి. ఇవి కనిపిస్తున్నాయేమో ఇవాళే చూడండి. ఆకుకూరలు మానేయమని కాదు, ప్రతి వారం ఒకే లెక్కన తినమని ఆ సలహాకి అసలు అర్థం. ఒక వారం అసలు లేకుండా, ఇంకో వారం మునగాకు, గోంగూర, తోటకూర వరసపెట్టి తినడమే ప్రమాదం. మూడు నెలలు మానేశారు కాబట్టి ఒక్కసారిగా మళ్లీ మొదలుపెట్టినా ఐఎన్‌ఆర్ పడిపోతుంది. పొటాషియం దారికి వచ్చాక, డాక్టరుకి చెప్పి, వారానికి రెండుసార్లు చిన్న గిన్నెడు చొప్పున మొదలుపెట్టి, వారం తర్వాత ఐఎన్‌ఆర్ చూపించండి.

మన వైపు పెళ్లిళ్లలో ఆవ పెట్టి వండే కంద బచ్చలి కూర ఉంది కదా, మీకు ఈ రెండు కె ల తేడా అందులో బాగా తెలుస్తుంది. కందలో పొటాషియం ఎక్కువ. బచ్చలిలో విటమిన్ కె ఎక్కువ, పొటాషియమూ ఉంటుంది. కందని చిన్న ముక్కలు కోసి, బచ్చలి తరిగి, ముక్కలు బాగా మునిగేలా ఎక్కువ నీళ్లు పోసి ఉడికించి ఆ నీళ్లు వంచేస్తే పొటాషియంలో చాలా భాగం నీళ్లతో పోతుంది. విటమిన్ కె మాత్రం నూనెలో కరిగే రకం, నీళ్లతో పోదు, ఆకులోనే ఉంటుంది. ఒకే గిన్నె, ఒకే ఉడుకు. ఒక కె తూములోకి పోయింది, ఇంకోటి కంచంలోకి వచ్చింది. కుక్కర్‌లో కొంచెం నీళ్లు పోసి ఆ నీళ్లతోనే కూర కలిపితే రెండూ ఉండిపోతాయి. నాన్నగారికి కొన్నాళ్లు ఏ దుంప వండినా నీళ్లు వంచే వండండి.

మిగతా సున్నాల గురించి చింత అక్కర్లేదు. ప్లేట్‌లెట్ల దగ్గర 186 కె అంటే 186 వేలు, అంటే లక్షా 86 వేలు. వెయ్యికి గుర్తుగా కె వేస్తారు. లక్షన్నర పైన ఉంది, బాగానే ఉంది. వానాకాలం డెంగీ భయంలో ‘ప్లేట్‌లెట్లు నూట ఎనభయ్యే ఉన్నాయి’ అని కంగారుపడి వచ్చేవాళ్లని ఏటా చూస్తుంటాను.

కంటి కాగితంలో కె1, కె2 అనేవి నల్లగుడ్డు ముందు ఉండే పారదర్శక పొర ఎంత వంపుగా ఉందో చెప్పే కొలతలు. ఆ కొలత పేరు కెరటోమెట్రీ. విటమిన్లలో కూడా కె1, కె2 అని రెండు రకాలున్నాయి, ఒకటి ఆకుల్లో, ఇంకోటి పేగుల్లోని సూక్ష్మజీవుల వల్ల తయారయ్యేది. మీరు పొరబడటానికి అదీ ఒక కారణం అయ్యుంటుంది. కంటికి పెట్టే లెన్స్ పవర్ లెక్కకట్టడానికి ఈ అంకెలు వాడతారు, నాన్నగారివి మామూలుగానే ఉన్నాయి. తగ్గించడానికి అందులో ఏమీ లేదు. ఆపరేషన్ ముందు రక్తం పలచబడే బిళ్ల సంగతి కంటి డాక్టరుకి తప్పకుండా చెప్పండి. ఐఎన్‌ఆర్ అదుపులో ఉంటే శుక్లాలకి చాలాసార్లు ఆపక్కర్లేకుండానే చేస్తారు. పొటాషియం మామూలు స్థాయికి వచ్చేదాకా మాత్రం ఆపరేషన్ తేదీ పెట్టించుకోవద్దు.

ఈ అక్షరంతో నాకూ ఒక అనుభవం ఉంది. చాలా ఏళ్ల కిందట డ్యూటీలో ఉండగా విరేచనాలతో వచ్చిన ఒక పెద్దావిడకి పొటాషియం బాగా పడిపోయింది. తొందరలో చీటీ మీద ‘కె తక్కువ, వెంటనే’ అని రాసి మందు పేరు నోటితో చెప్పాను. మనవడు కంగారుగా వెళ్లి, షాపులో చీటీ చూపించి, విటమిన్ కె ఇంజెక్షన్లు తెచ్చాడు. నర్సమ్మ చూసి ఆపింది కాబట్టి ఆవిడకి సరైన సిరప్ అందింది. ఆ రోజు నుంచి నేను పొటాషియం అని పూర్తిగా రాస్తున్నాను. మీరు కూడా ఏ డాక్టరు చీటీలోనైనా ఒంటి అక్షరం కనబడితే ‘ఇదేంటండీ’ అని అడగండి. ఇంటికొచ్చాక కాగితం చూసుకునేటప్పుడు అక్షరం పక్కన ఏముందో చదవండి. మిల్లీమోల్ అనో మిల్లీ ఈక్వివలెంట్ అనో ఉంటే పొటాషియం, మైక్రోలీటర్ అని ఉంటే వేలు, డయాప్టర్ అని ఉంటే కన్ను.

బొండం మానేస్తే నాన్నగారు ఏం తాగాలి అని అడుగుతారు, తెలుసు. మంచినీళ్లు తాగొచ్చు. మధ్యాహ్నం ఒక గ్లాసు పలచటి మజ్జిగ ఉప్పు లేకుండా ఇవ్వండి. కాళ్ల వాపు ఉంది కాబట్టి రోజుకి మొత్తం ఎంత తాగొచ్చో గుండె డాక్టరుని అడిగి ఆ లెక్కలోనే ఉండనివ్వండి. చక్కెరకేళి అయినా కర్పూరమైనా అరటిపండు పొటాషియం తగ్గేదాకా వద్దు, ఆపిల్ ముక్కలు కొద్దిగా పెట్టొచ్చు. రెండో పరీక్ష కాగితాలు వచ్చాక, తేదీలు కనబడేలా ఫొటో తీసి పంపండి, చూసి చెబుతాను.