‘రేయాంశ్’ అంటే తొలికిరణమేనా?

సందేహం: మా మనవడికి ‘రేయాంశ్’ అని పేరు పెడదామంటున్నారు. ఒక జాబితాలో ‘సూర్యుని తొలికిరణం’ అనీ, మరోదాంట్లో ‘విష్ణువు అంశ’ అనీ ఉంది. రెండూ సంస్కృతమనే అంటున్నాయి. ఏది నమ్మాలి? ఇలాంటివి మేమే సరిచూసుకునే దారి ఉందా?

సమాధానం: రెండూ నమ్మదగ్గవి కావు. పేరును విరిచి చూడండి. ‘అంశ’ అంటే భాగం. కిరణం అనే అర్థం ‘అంశు’ శబ్దానిది. హిమాంశుడు, సహస్రాంశుడు అన్నప్పుడు ఉన్నది అదే. చివరి అచ్చు వదిలేసి ‘అంశ్’ అనేసరికి ఈ తేడా మరుగున పడింది. ఇక ముందున్న ‘రేయ’కు సూర్యుడని గానీ విష్ణువని గానీ సంస్కృత నిఘంటువుల్లో అర్థం లేదు. తెలుగు చెవికి మాత్రం రేయి వినబడుతుంది! తొలికిరణం కోరుకున్నవారికి ఇది ఇబ్బందే.

దీనికి దగ్గరగా ఉన్న అసలు పేరు శ్రేయాంస. జైనుల పదకొండో తీర్థంకరుడు శ్రేయాంసనాథుడు. ‘శ్రేయస్’ శబ్దం నుంచి వచ్చింది కనుక చివర ‘స’ ఉండాలి, ‘శ’ కాదు. భగవద్గీత మూడో అధ్యాయంలోని ‘శ్రేయాన్ స్వధర్మో విగుణః’లో ఉన్నదీ ఈ శబ్దమే. మరింత మేలైనది, శ్రేష్ఠమైనది అని అర్థం.

సరిచూసుకోవడానికి మొదట చేయవలసింది పేరును తెలుగు లిపిలో ఖాయం చేసుకోవడం. పొరపాట్లు ఎక్కువగా ఇక్కడే మొదలవుతాయి. ఇంగ్లీషు అక్షరాల్లో హ్రస్వదీర్ఘాలు, ఒత్తులు, ఋకారం సరిగా నిలవవు. ధృతి అంటే ధైర్యం, ద్యుతి అంటే కాంతి, ద్రుతి అంటే కరగడం. ఒకదాని అర్థం తెచ్చి ఇంకోదానికి అంటిస్తారు. ‘అనిక’ సంగతి మరీ విచిత్రం. ఐరోపాలో అది అన్నా అనే పేరుకు ముద్దురూపం. దాని మూలం హీబ్రూలోని హన్నా, అర్థం అనుగ్రహం. సంస్కృతంలో ఉన్నది దీర్ఘంతో ‘అనీక’, అంటే సైన్యం. అక్షౌహిణిలో పదో వంతును అనీకిని అనడం దాని నుంచే. ఆ అనుగ్రహాన్ని సంస్కృతం ఖాతాలో వేయడం కుదరదు.

తరవాత నిఘంటువు. తెలుగుకు శబ్దరత్నాకరం, సూర్యరాయాంధ్ర నిఘంటువు; సంస్కృతానికి ఆప్టే, మోనియర్ విలియమ్స్. ఇవన్నీ ఇప్పుడు ఇంటర్నెట్‌లో వెతుక్కోవచ్చు. సంస్కృత నిఘంటువుల్లో మాట ప్రాతిపదిక రూపంలో, అంటే విభక్తి చేరని మూలరూపంలో ఉంటుందని మరవకండి. ‘రిత్విక్’ కోసం రకారంలో వెతికితే దొరకదు; ‘ఋత్విజ్’ దగ్గర చూడాలి. యజ్ఞం నిర్వహించే పురోహితుడని కనిపిస్తుంది. ‘సహస్ర’ దగ్గర వెయ్యి అనే ఉంటుంది. ‘కొత్త ఆరంభం’ అని రాసినవారికి అది ఎక్కడ దొరికిందో!

అర్థం కొద్దిగా వంచడమూ ఉంది. ‘తన్వి’ని అందగత్తె అంటారు, అసలు అర్థం సన్నని దేహం కలది. కావ్యాల్లో ఆ సన్నదనమే అందం కనుక దీన్ని తప్పు పట్టనక్కర్లేదు.

కొత్తగా పేర్లు కట్టుకోకూడదని కాదు. ‘రేయాంశ్’ ధ్వని నచ్చితే పెట్టుకోండి, అర్థం మాత్రం చెప్పకండి. అర్థమూ కావాలంటే శ్రేయాంస్ బాగుంటుంది. ఇంగ్లీషులో చివర ‘హెచ్’ చేర్చకుండా రాయించండి. తొందర లేదు: పేరు లేకుండానే జననం నమోదు చేయించవచ్చు, నమోదైన 12 నెలల్లోగా రుసుము లేకుండా పేరు చేర్పించవచ్చు.