హాస్టల్ సినిమా: చారలు, వినబడని మాటలు

ప్రశ్న: మాది బొబ్బిలి దగ్గర బాలికల గురుకులం. 9వ తరగతి పిల్లలు 18 మంది కలిసి హాస్టల్ మీద 8 నిమిషాల సినిమా తీస్తున్నారు. కథ దగ్గరే తగువులు. నా ఫోనుతో డార్మిటరీలో తీసిన రెండు సీన్లలో నల్లటి చారలు కదులుతున్నాయి, మాటలు సరిగా వినబడడం లేదు. ఏం చేయాలి?
– తెలుగు టీచరు, విజయనగరం జిల్లా

జవాబు: టీచరుగారూ, చారల సంగతి తేలిక. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి చోకు ట్యూబులైటు సెకనుకు 100 సార్లు మినుకుమంటుంది. కంటికి తెలియకపోయినా కెమెరా పట్టేస్తుంది. ఫోను కెమెరాలో సెట్టింగులు మనమే మార్చుకునే వీడియో ప్రో మోడ్‌లో షట్టర్ (ఒక్కో ఫ్రేముకి వెలుగు పట్టే సమయం) 1/50 సెకను గానీ 1/100 గానీ పెట్టండి. ఆ సదుపాయం లేకపోతే లైట్లు ఆపేసి, పగలు కిటికీ పక్కన తీయండి.

అసలు కష్టం శబ్దంతోనే. ఆరడుగుల దూరంలో ఉన్న ఫోనుకి పిల్ల గొంతు కన్నా ఫ్యాను హోరే గట్టిగా చేరుతుంది. ఫ్యాన్లు ఆపించండి. ఖాళీ గోడలకు మాట మోగుతుంది కనుక కెమెరా వెనక తాడు కట్టి దుప్పట్లు వేలాడదీయండి. ఇంకో ఫోనుని ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టి, రికార్డర్ ఆన్ చేసి, మాట్లాడే అమ్మాయికి అడుగున్నర దూరంలో, ఫ్రేములో పడకుండా దిండు చాటున ఉంచండి. రెండు ఫోన్లూ నడుస్తుండగా ఒక్కసారి గట్టిగా చప్పట్లు కొట్టించండి. ఎడిటింగులో ఆ చప్పుడు రెండింటి శబ్దపు గీత మీదా మొనలా కనబడుతుంది. మొనకి మొన కలిపితే పెదవులకి మాట అతుకుతుంది. సీను అయ్యాక అందర్నీ కదలకుండా ఉంచి 30 సెకన్లు ఉత్త గది శబ్దం కూడా తీసుకోండి. ఎడిటింగులో అది మాటల కింద పరవకపోతే మాటకీ మాటకీ మధ్య కోసినచోట చెవికి గొయ్యి తగులుతుంది.

ఇక కథ. 18 మందిని ఒకే కాగితం ముందు కూర్చోబెడితే తగువు తప్పదు. ముందు ఎవరికి వారు హాస్టల్లో జరిగిన ఒక్క సంగతిని పది లైన్లలో రాయాలి: లైట్లాపాక గుసగుసలు, ట్రంకుపెట్టె తాళం పోవడం, అమ్మ రాని ఆదివారం. వాటిలోంచి ఒక కథకి ఒదిగే ఆరు ఎంచి, సీనుకి ముగ్గుర్ని పెట్టండి. స్క్రిప్టు పేజీకి సుమారు నిమిషం లెక్క, కాబట్టి 8 పేజీలు దాటనివ్వకండి. చివర్న మాటలన్నీ ఒకే అమ్మాయి తిరగరాయాలి. లేకపోతే ఒకే పాత్ర సీనుకో రకంగా మాట్లాడుతుంది.

మీరు తెలుగు టీచరు గనుక ఒక్క మనవి. "ఏటే, ఎక్కడికెల్తన్నావు?" అని పిల్లలు రాస్తే ఎర్రపెన్ను ముట్టుకోకండి. గ్రాంథికంలోకి దిద్దిన మాట ఆ పిల్ల నోట్లో అప్పజెప్పిన పాఠంలా ఉంటుంది.

స్టడీ అవర్లు పోకుండా, కథ వరసలో కాక చోటు వరసలో తీయండి: డార్మిటరీ సీన్లన్నీ ఒకే ఆదివారం. తర్వాత అతికించినప్పుడు తేడా రాకుండా ఒక అమ్మాయి నోటుపుస్తకంతో రిబ్బను రంగు, జడ ఏ భుజం మీద, కంచంలో అన్నం ఎంత అన్నవి షాటు షాటుకీ రాసుకోవాలి. 1080 సైజులో గంట ఫుటేజీ 8 జీబీ దాకా తింటుంది. ఏ రోజుది ఆ రాత్రే కంప్యూటర్లోకి ఎక్కించి, తెరిచి చూశాకే ఫోనులో చెరపండి.