స్ఫటికంలో దాచిన మనసుకి కాలం తెలుస్తుందా?

ప్రశ్న: సార్, నేనొక ఫాంటసీ నవల రాస్తున్నాను. యుద్ధంలో చావుబతుకుల్లో ఉన్న రాణి చైతన్యాన్ని ఒక మాంత్రికుడు స్ఫటికంలో బంధించి, శరీరాన్ని నేలమాళిగలో పడుకోబెడతాడు. 300 ఏళ్ల తర్వాత ఆమె లేస్తుంది. అన్నాళ్లూ లోపల ఆలోచిస్తూ, పగతో రగిలిపోతూ ఉన్నట్టు రాశాను. చదివిన స్నేహితురాలు ‘నమ్మేలా లేదు’ అంది. మాయ అన్నాక నమ్మేలా ఎందుకుండాలి?

జవాబు: మాయని ఎవరైనా నమ్ముతారమ్మా, మీ స్నేహితురాలి పేచీ రాణితో. అన్నేళ్లు చీకట్లో మెలకువగా ఉన్న మనిషి లేవగానే కత్తి అడిగి, శత్రువుల పేర్లు వరసగా చెప్పి, వ్యూహం కూడా వివరిస్తుందా? 1950లలో కెనడాలోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయంలో డొనాల్డ్ హెబ్ బృందం కొందరు విద్యార్థులకి రోజుకింత అని డబ్బిచ్చి మరీ, ఏదీ స్పష్టంగా కనిపించని కళ్లద్దాలు పెట్టి, చేతులకి అట్టగొట్టాలు తొడిగి, ఊరికే పడుకోమంది. హాయిగా పడుకోవడమే పని, పైగా జీతం. అయినా చాలామంది రెండు మూడు రోజులకే మా వల్ల కాదని లేచొచ్చేశారు, కొందరికి లేని బొమ్మలు కనపడ్డాయి. మీ రాణికి 300 ఏళ్లు!

అందుకని ముందు ఒక్క విషయం తేల్చుకోండి, స్ఫటికంలో మనసు నడుస్తోందా, ఆగిపోయిందా? నడుస్తుంటే మాంత్రికుడు ఆమెని కాపాడినట్టు కాదు, జైల్లో వేసినట్టు. అదీ మంచి కథే, కాకపోతే లేచేది పిచ్చెక్కిన రాణి. ఆగిపోతే ఆమెకి కాలమే ఉండదు. మత్తుమందు ఇచ్చి ఆపరేషన్ చేయించుకున్నవాళ్లని అడగండి, అంకెలు లెక్కపెట్టమన్నారు, ఆ వెంటనే ‘అయిపోయింది, లేవండి’ అన్నారు అంటారు. మధ్యలో నాలుగు గంటలు ఎటుపోయాయో తెలీదు. మామూలు నిద్రలో అయితే ఎంతో కొంత సేపు గడిచిందని లేవగానే తెలుస్తుంది.

అంటే మీ రాణి మాట మధ్యలో కళ్లు మూసుకుని, 300 ఏళ్ల తర్వాత మిగతా సగం మాట పూర్తి చేస్తుంది. పక్కన కూలిన సైనికుడి కోసం చెయ్యి చాస్తుంది. పగ అన్నేళ్లు రగలాల్సిన పనే లేదు, ఆమెకి ఆ దెబ్బ తగిలింది ఇప్పుడే. భాగవతంలో మన ముచుకుందుడనే రాజు ఎంత బాగుంటాడో చూడండి, గుహలో యుగాల తరబడి నిద్రపోయి, కళ్లు తెరవగానే తనని లేపిన కాలయవనుణ్ని చూపుతోనే బూడిద చేస్తాడు. నాకు ఆ బూడిద కంటే ఆ తర్వాతదే ఇష్టం. బయటికొచ్చి చూస్తే మనుషులు, జంతువులు, చెట్లూ కూడా పొట్టిగా ఉంటాయి, అది చూసి కలియుగం వచ్చేసిందని గ్రహిస్తాడు. తేదీ ఎవరూ చెప్పక్కర్లేకపోయింది.

ప్రశ్న: మెదడు పూర్తిగా ఆగిపోతే జ్ఞాపకాలు చెరిగిపోవా?

జవాబు: పోవు, దీనికి మాయ కూడా అక్కర్లేదు. గుండె నుంచి బయల్దేరే పెద్ద రక్తనాళం, బృహద్ధమనికి కొన్ని పెద్ద ఆపరేషన్లు చేసేటప్పుడు రోగి శరీరాన్ని సుమారు 18 డిగ్రీల దాకా చల్లబరిచి, రక్తప్రసరణని ఓ అరగంట ఆపేస్తారు. గుండె కొట్టుకోదు, ఊపిరి ఉండదు, మెదడు తరంగాలు చూపించే తెరమీద గీత చదునుగా సాగుతుంది. పని కానిచ్చి మళ్లీ వెచ్చబరిస్తే, అదే మనిషి లేచి పిల్లల పేర్లు పెట్టి పిలుస్తాడు. పాత జ్ఞాపకాలు నాడీకణాల మధ్య అల్లుకున్న బంధాల్లో ఉంటాయి, ఆ అల్లిక చెడనంత వరకూ కరెంటు కాసేపు లేకపోయినా ఫరవాలేదు. కాబట్టి మీ మాంత్రికుడు ‘ఆత్మని పట్టుకున్నా’ అని గొప్పలు పోవడం కంటే, ఆ అల్లికని చెక్కుచెదరకుండా ఆపగలిగాడని రాస్తే నాకు నచ్చుతుంది.

ప్రశ్న: మరి నిజంగానే మనుషుల్ని అలా ఏళ్ల తరబడి దాచలేరా?

జవాబు: దాచడం దాచారు, లేపడమే కాలేదు. 1967లో జేమ్స్ బెడ్‌ఫర్డ్ అనే అమెరికన్ ప్రొఫెసర్ చనిపోయిన వెంటనే ఆయన శరీరాన్ని గడ్డకట్టించారు. ఇప్పటికీ మైనస్ 196 డిగ్రీల ద్రవ నైట్రోజన్‌లోనే ఉన్నాడు. నీళ్లు గడ్డకడితే మంచు పలుకులు కణాల్ని చీల్చేస్తాయి. అందుకే ఇప్పుడు రసాయనాలు ఎక్కించి, పలుకులు కట్టకుండా గాజులా గట్టిపడేట్టు చేస్తున్నారు. అసలు తిప్పలు మళ్లీ వేడిచేసేటప్పుడు, ఒక పక్క ముందు కరిగి ఇంకో పక్క ఆలస్యమైతే పగుళ్లే. 2023లో మిన్నెసోటా విశ్వవిద్యాలయం వాళ్లు ఎలుక కిడ్నీలని 100 రోజుల వరకూ అలా దాచి, ఇనుప ఆక్సైడ్ నానో రేణువుల సాయంతో లోపలా బయటా ఒకేసారి వేడి చేసి, తిరిగి ఎలుకలకి అమర్చితే పనిచేశాయి. ఎలుక కిడ్నీ ఎక్కడ, మనిషి మెదడెక్కడ లెండి. కథకి పనికొచ్చే ముక్క ఏంటంటే, నిద్రపుచ్చే మంత్రం అప్రెంటిస్ కుర్రాడికి కూడా రావాలి, లేపే మంత్రమే ఎవరికీ రాకూడదు.

ప్రశ్న: ఒకే చైతన్యాన్ని రెండు స్ఫటికాల్లో పెడితే అసలు మనిషి ఎవరు?

జవాబు: ఇద్దరూ ‘నేనే’ అంటారు, ఇద్దరూ నిజాయితీగానే అంటారు. మొగుడు ఒక్కడే అయితే గొడవ అక్కడ మొదలుపెట్టండి.

ప్రశ్న: నా కథలో ఈ మాయకి ఏం మూల్యం పెట్టాలి? రక్తం, ఆయుష్షు అన్నీ అందరూ వాడేశారు.

జవాబు: కాపలా పెట్టండి. ద్రవ నైట్రోజన్ ఆవిరైపోతూ ఉంటుంది, ఎవరో ఒకరు పోస్తూనే ఉండాలి. కాలిఫోర్నియాలోని చాట్స్‌వర్త్‌లో అలా దాచిన కొందరి శరీరాలు, డబ్బులు అయిపోయి పోసే నాథుడు లేక కరిగిపోయాయి, ఆ సంగతి 1979లో బయటపడింది. మీ స్ఫటికానికి కూడా రోజూ ఎవరో ఏదో చెయ్యాలనుకోండి, నూనె పోయడమో, మంత్రం చదవడమో. మొదటి తరం భక్తితో చేస్తుంది, రెండోది భయంతో. తొమ్మిదో తరం కుర్రాడికి లోపల ఉన్నది ఎవరో కూడా తెలీదు, జీతం వచ్చి ఏడాదైంది, పక్క ఊళ్లో వేరే పని దొరికింది. నేనైతే రాణిని వదిలేసి నవల వాడితో మొదలుపెడతాను.