గేటు మూసే వేళ

తమ్ముడూ,

ఉత్తర ఐర్లండ్ రాజధాని బెల్‌ఫాస్ట్ మీద నువ్వు రాసిన కథ చదివాను. మొదటి పేజీలోనే నెత్తురు పారించి, అక్కడ కాథలిక్కుల పేటలనూ ప్రొటెస్టెంట్ల పేటలనూ విడదీసే గోడను ‘ద్వేషానికి ప్రతీక’ అనేశావు. ఇక పాఠకుడికి పనేం మిగిలింది?

గోడ పక్కన కాపురముండే మనిషికి రోజూ అక్కరకొచ్చేది గేటు. కాథలిక్కుల వైపు స్ప్రింగ్‌ఫీల్డ్ రోడ్డుకీ ప్రొటెస్టెంట్ల వైపు షాంకిల్ రోడ్డుకీ మధ్య లానార్క్ వే గేటును రాత్రిపూట మూసేస్తారు. ఆ తర్వాత కూతవేటు దూరానికి కూడా చుట్టూ తిరిగిపోవాల్సిందే. నీ పాత్ర మాట మధ్యలో గడియారం చూసుకుని లేవాలి. అలెగ్జాండ్రా పార్కైతే ఇంకా మంచి సరుకు. పార్కు నడుమ గోడ లేచింది 1994లో, అదీ బ్రిటిష్ పాలన మీద పోరాడిన సాయుధ సంస్థ ఐఆర్ఏ కాల్పుల విరమణ ప్రకటించిన రోజుల్లోనే. 2011లో అందులో తలుపు పెట్టారు. మొదట్లో అది తెరిచింది వారపు రోజుల్లో, ఉదయం 9 నుంచి మధ్యాహ్నం 3 దాకా. పిల్లలు బడి నుంచి వచ్చేసరికి తాళం! దీనికి నువ్వు ఉపమానం జోడించావంటే చెడగొట్టినట్టే.

కూపర్ వే గోడను కింది నుంచి పైకి చదువు: కాంక్రీటు, దానిమీద ఇనుప రేకు, ఆపైన జాలీ. 1969లో ఆ రెండు వర్గాల మధ్య జరిగిన అల్లర్ల తర్వాత బ్రిటిష్ సైన్యం తాత్కాలికమని వేసిన అడ్డు క్రమంగా ఇంత ఎత్తుకు పెరిగింది. ఆ గోడను ఆనుకుని ఉన్న బాంబే స్ట్రీట్ ఇళ్ల పెరళ్లకు రాళ్లు పడకుండా పైన కూడా జాలీ కప్పారు. ఆ జాలీ కింద కూర్చుని ఒకామె టీ తాగుతుందనుకో. ఆమె చేత గోడను తిట్టించకు. 2023 నాటికి గోడలన్నీ తీసేస్తామని 2013లో అక్కడి ప్రభుత్వం చెప్పింది, గడువు దాటినా చాలా గోడలు నిలిచే ఉన్నాయి. అవి ఉంటేనే కంటికి కునుకని చెప్పేవాళ్లూ ఆ ఇళ్లలో ఉన్నారు. ఆ భయానికి నీ కథలో చోటే లేదు, అసలు లోపం అదే.

ఇంకొకటి. నీ మనుషులు ‘నేను కాథలిక్కును’, ‘నేను ప్రొటెస్టెంటును’ అని చాటుకుంటున్నారు. అక్కడ ఎదుటివాణ్ణి పోల్చుకోవడానికి ఇంటిపేరో, చదివిన బడో చాలు. అక్కడి ఒకే ఊరిని కాథలిక్కులు ఎక్కువగా డెర్రీ అంటారు, ప్రొటెస్టెంట్లు ఎక్కువగా లండన్‌డెర్రీ అంటారు. సంభాషణలో ఆ ఒక్క మాట పడనీ, ఎదుటివాడు కాసేపు ఊరుకోనీ.

తిరగరాసేటప్పుడు ‘గోడ’ అన్న మాట ఎన్నిసార్లు వచ్చిందో లెక్కపెట్టు. సగం కొట్టేసి, ఆ చోట్ల వేళలూ దూరాలూ పెట్టి పంపు.