ఎల్ఎల్ఆర్ ఉన్నా కేసు పెట్టారు, ఏం చేయాలి?

ప్రశ్న: మాది కడప జిల్లా. మా ఆయన కువైట్‌లో డ్రైవర్‌గా పనిచేస్తారు. నేను ఇంట్లో బట్టలు కుడతాను. మా అబ్బాయికి 16 ఏళ్ల 4 నెలలు, ఇంటర్ మొదటి సంవత్సరం చదువుతున్నాడు. 16 నిండగానే నేనే సంతకం పెట్టి ఎల్ఎల్ఆర్ (బండి నేర్చుకునేవాళ్లకిచ్చే లెర్నర్ లైసెన్సు) తీయించాను. గేర్లు లేని బండి కాబట్టి నడపవచ్చని అందరూ చెప్పారు. పోయిన నెల మా అత్తగారికి బీపీ మాత్రలు తెమ్మని పంపిస్తే దారిలో పోలీసులు ఆపి, ఫోటో తీసి, మా 110 సీసీ స్కూటీ సీజ్ చేశారు. ఎల్ఎల్ఆర్ చూపించినా వినలేదు. ఇప్పుడు కోర్టు నుంచి నా పేరు మీద సమన్లు వచ్చాయి. వాడు అన్నం సరిగా తినడం లేదు, ఇంట్లో అందరూ నన్నే తిడుతున్నారు. బండి మా ఆయన పేరు మీదే ఉంది, ఆయనకు ఇంకా చెప్పలేదు. లైసెన్సు ఉన్న మా మరిది బండి నడిపాడని చెప్పమని ఒకరు, తప్పు ఒప్పుకుని ఫైన్ కట్టేస్తే ఒక్కరోజులో అయిపోతుందని మరొకరు అంటున్నారు. ఆయనకు తెలియకుండా ఇది ముగిసే దారి చెప్పండి. మా వాడికి 18 వచ్చాక లైసెన్సు వస్తుందా?

జవాబు: అమ్మా, ముందు రెండు కాగితాలు తీసి పక్కపక్కన పెట్టండి. ఒకటి మీ అబ్బాయి ఎల్ఎల్ఆర్, రెండోది బండి ఆర్సీ, అంటే రిజిస్ట్రేషన్ పత్రం. ఎల్ఎల్ఆర్‌లో వాహనం తరగతి అన్న చోట ఏముందో, ఆర్సీలో ఇంజన్ సామర్థ్యం అన్న చోట ఏముందో చూడండి. మీ కేసు తేలేది ఆ రెండు గడుల దగ్గరే. పోలీసులు వినలేదన్నది, వాడు మందుల కోసమే వెళ్లాడన్నది కోర్టులో పెద్దగా లెక్కలోకి రావు.

16 నిండితే గేర్లు లేని ఏ బండైనా నడపవచ్చని మన ఊళ్లలో చాలామంది అనుకుంటున్నారు. అది తప్పు. మోటారు వాహనాల చట్టం సెక్షన్ 4 ప్రకారం రోడ్డు మీద మోటారు వాహనం నడపాలంటే 18 ఏళ్లు నిండాలి. 16 నిండినవాళ్లకు ఇచ్చిన మినహాయింపు ఇంజన్ 50 సీసీ మించని బండికి మాత్రమే. గేరు ఉందా లేదా అన్నది తర్వాతి సంగతి, ముందు సీసీ చూడాలి. మీరు పెట్టిన సంతకం సెక్షన్ 7 అడిగే సమ్మతి. 18 నిండనివాళ్లు గేర్లు లేని బండికి ఎల్ఎల్ఆర్ తీసుకోవాలంటే తల్లో తండ్రో రాతపూర్వకంగా ఒప్పుకోవాలి. ఆ సంతకంతో 50 సీసీ హద్దు చెరిగిపోదు. మీ బండి దానికి రెట్టింపు కన్నా ఎక్కువ. అంటే ఆ రోజు వాడి దగ్గర ఎల్ఎల్ఆర్ ఉన్నా, ఆ బండికి లైసెన్సు లేనట్టే.

ఇది ఎందుకంత ముఖ్యమంటే, 2019లో చట్టాన్ని సవరించి 199ఎ అనే కొత్త సెక్షన్ చేర్చారు. ఆ ఏడాది సెప్టెంబరు 1 నుంచి అది అమల్లో ఉంది. మైనరు బండి నడిపి నేరం చేస్తే సంరక్షకులు లేదా బండి యజమాని నేరస్తులవుతారు. 3 ఏళ్ల వరకు జైలు, 25,000 రూపాయల జరిమానా, 12 నెలలు బండి రిజిస్ట్రేషన్ రద్దు. పైగా ఆ పిల్లవాడికి 25 ఏళ్లు వచ్చేదాకా ఎల్ఎల్ఆర్ గానీ లైసెన్సు గానీ ఇవ్వకూడదు. ఇదే సెక్షన్‌లో సంరక్షకులకూ యజమానికీ ఒక మినహాయింపు ఉంది. పిల్లవాడికి ఎల్ఎల్ఆర్ ఉండి, ఏ బండికి అనుమతి ఉందో ఆ బండే నడుపుతుంటే ఈ శిక్ష వాళ్లకు వర్తించదు. మీరు నమ్ముకున్నది ఈ మినహాయింపునే. 110 సీసీ బండి వల్ల అది మీ చేతికి అందడం లేదు. ఎల్ఎల్ఆర్ తీయించేటప్పుడు ఇంత శ్రద్ధ పెట్టిన మీరు ఆర్సీ ఒక్కసారి తిప్పి చూసి ఉండాల్సింది. నలుగురు చెప్పిన మాట మీద పిల్లవాణ్ణి రోడ్డెక్కించారు. పైగా ఎల్ఎల్ఆర్ ఉన్నవాళ్లు ఒంటరిగా నడపకూడదు. లైసెన్సు ఉన్న పెద్దవాళ్లు నేర్పిస్తూ బండి మీద ఉండాలి. ముందూ వెనకా తెల్లని పలక మీద ఎర్రని ఎల్ అక్షరం ఉండాలి. మీ ఉత్తరంలో ఈ రెండింటి ఊసే లేదు.

ఇక మరిది సంగతి. ఆ మాట చెప్పినవాళ్లను దయచేసి ఇంటి గడప తొక్కనీయకండి. పోలీసుల దగ్గర మీ అబ్బాయి బండి మీద ఉన్న ఫోటో ఉంది, సీజ్ చేసిన కాగితంలో వాడి పేరు ఉంటుంది. మరిది కోర్టు బోనెక్కి నేనే నడిపానంటే, అది భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 229 కింద తప్పుడు సాక్ష్యం. దానికి 7 ఏళ్ల వరకు శిక్ష ఉంది. ఆ మాట చెప్పమన్న మీరూ అందులో ఇరుక్కుంటారు. ఇప్పుడు మీ మీద ఉన్నది 3 ఏళ్లు మించని కేసు. దాన్ని తప్పించుకోవడానికి 7 ఏళ్ల కేసు తెచ్చుకోవద్దు. వాడు ఆ బండి మీద దిగిన ఫోటోలు మీ ఫోన్‌లో ఉంటే వాటినీ తీసేయకండి. సాక్ష్యం చెరిపేస్తే అది ఇంకో తప్పవుతుంది.

రెండో సలహా చూడటానికి మంచిగా ఉంటుంది గానీ అదీ ప్రమాదమే. ముందు మీ సమన్లలో, చార్జిషీటులో ఏ సెక్షన్ రాశారో చూడండి. 180 మాత్రమే ఉంటే, అంటే లైసెన్సు లేనివాళ్లకు బండి ఇచ్చారన్న నేరమే ఉంటే, గరిష్ఠ శిక్ష 3 నెలలు లేదా 5,000 రూపాయలు లేదా రెండూ. అది చలానా కట్టి రాజీ చేసుకోగల నేరాల జాబితాలో ఉంది. 199ఎ ఆ జాబితాలో లేదు. అందులో జరిమానాతో పాటు జైలు శిక్ష కూడా ఉంటుంది. ఇది తెలియకుండా "తప్పైపోయింది సార్" అని ఒప్పుకుంటే మీరు శిక్షపడిన వ్యక్తిగా రికార్డుకెక్కుతారు. మామూలుగా శిక్షపడితే 30 రోజుల్లో సెషన్స్ కోర్టులో అప్పీలు చేసుకోవచ్చు. ఒప్పుకున్నాక మాత్రం శిక్ష ఎంత, అది చట్టబద్ధమా అన్నదాని మీదే అప్పీలు ఉంటుంది. నేరం చేయలేదని వాదించే దారి మూసుకుపోతుంది. రేపు మీరు కూడా కువైట్ వెళ్లాలనుకుంటే పోలీసు క్లియరెన్స్ సర్టిఫికెట్ దగ్గర ఇదంతా అడ్డం వస్తుంది.

మీ ఆయనకు చెప్పలేదన్నారు. ఈ రాత్రే ఫోన్ చేసి చెప్పండి. బండి యజమాని ఆయన కాబట్టి ఈరోజో రేపో ఆయన పేరు మీద కూడా సమన్లు రావచ్చు. తెలియక కోర్టుకు రాకపోతే వారెంటు వరకు వెళ్తుంది. సెలవు మీద ఇంటికొచ్చే రోజున విమానాశ్రయంలో ఆ సంగతి తెలియడం కన్నా ఇప్పుడు మీ నోటి నుంచి తెలియడమే మంచిది. ఇంకో కారణం కూడా ఉంది. మైనరు బండి నడిపాడంటే సంరక్షకులు, యజమాని ఒప్పుకునే ఇచ్చారని కోర్టు ముందుగానే భావిస్తుంది. కాదని రుజువు చేసుకోవాల్సింది మీరే. నాకు తెలియకుండా జరిగిందనో, జరగకుండా తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నాననో చూపిస్తే బయటపడవచ్చు. మీ ఆయనకు ఈ రుజువు చేతిలోనే ఉంది. ఆయన చివరిసారి ఎప్పుడు వచ్చి వెళ్లారో పాస్‌పోర్టు ముద్రలు చెబుతాయి. ఆ తేదీ ఎల్ఎల్ఆర్ తేదీకి ముందుదైతే, వాడు బండి నడుపుతున్నట్టు ఆయనకు ఫోన్‌లో కూడా తెలియకపోతే, ఆయన వాదనకు బలం ఉంటుంది. వకాల్తా, అంటే తన తరఫున వాదించమని వకీలుకు రాసిచ్చే కాగితం మీద అక్కడే సంతకం పెట్టి భారత రాయబార కార్యాలయంలో ధ్రువీకరించి పంపవచ్చు. ప్రతి వాయిదాకీ రాకుండా వ్యక్తిగత హాజరు నుంచి మినహాయింపు కూడా అడగవచ్చు.

మీ విషయం వేరు. వాణ్ణి నేనే పంపించానని మీరే రాశారు. తెలియదని చెప్పమని నేను సలహా ఇవ్వను. కానీ మీకూ దారి ఉంది. 199ఎలో కనీసం ఇన్ని రోజులు జైలు అన్న నిబంధన లేదు. ఇది మొదటి తప్పు, ఎల్ఎల్ఆర్ సరిపోతుందని నిజంగా నమ్మారు, దానికి మీ సంతకం ఉన్న దరఖాస్తే సాక్ష్యం, ఎవరికీ దెబ్బ తగల్లేదు. ఈ కారణాలు చూపించి 1958 నాటి నేరస్తుల పరివీక్షణ (ప్రొబేషన్) చట్టం సెక్షన్ 4 కింద జైలు లేకుండా, మంచిగా నడుచుకుంటానని రాసిచ్చే బాండు మీద వదిలేయమని అడగవచ్చు. ఇచ్చే అధికారం కోర్టుకు ఉంది. ఇస్తే, ఆ శిక్ష వల్ల వచ్చే అనర్హతలు కూడా అదే చట్టం సెక్షన్ 12 ప్రకారం అంటవు. ఇది వకీలు ద్వారా, పిటిషన్ వేసి అడగాల్సిన సంగతి. ఫీజు కష్టమైతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి. మహిళలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు.

అబ్బాయి కేసును మేజిస్ట్రేటు కోర్టు విచారించకూడదు, అది 18 నిండని పిల్లల కేసులు చూసే జువెనైల్ జస్టిస్ బోర్డుకు వెళ్లాలి. వయసుకు పదో తరగతి మెమో చూపించండి, ఆధార్ పట్టుకుని వెళ్లకండి. ఇక్కడ కాలం మీకు కొంత అనుకూలం. వాడి మీద ఉన్నది చిన్న నేరం కాబట్టి, బోర్డు ముందు మొదటిసారి హాజరైన రోజు నుంచి 4 నెలల్లో, పొడిగిస్తే ఇంకో 2 నెలల్లో విచారణ తేలకపోతే అది అంతటితో ముగిసిపోతుంది. అందుకే మొదటి హాజరు తేదీ రాసిపెట్టుకోండి, మీ తరఫు నుంచి ఒక్క వాయిదా కూడా అడగకండి. మీ మీద కేసుకు మాత్రం ఇలాంటి ఆశ పెట్టుకోవద్దు. 3 ఏళ్ల శిక్ష ఉన్న నేరానికి పోలీసులకు 3 ఏళ్ల గడువు ఉంటుంది.

25 ఏళ్ల దాకా లైసెన్సు రాదన్న నిబంధనకు ఎదురు వాదన ఉంది. బాల నేరస్తుడికి శిక్ష వల్ల వచ్చే అనర్హత అంటకూడదని జువెనైల్ జస్టిస్ చట్టం సెక్షన్ 24 చెబుతోంది, అదీ వేరే ఏ చట్టం ఏమన్నా సరే అని. 199ఎ పక్కన పెట్టింది తన చట్టంలోని 4, 7 సెక్షన్లనే. వాడికి 18 నిండాక ఆర్టీఏ ఆఫీసు దరఖాస్తు తిరస్కరిస్తే హైకోర్టులో రిట్ వేసి ఈ వాదన వినిపించవచ్చు. ఖాయంగా గెలుస్తారని చెప్పను, కానీ వినిపించాల్సిన వాదన. అందుకోసం బోర్డు ఇచ్చే ఆర్డరు కాపీ ధ్రువీకరించి తీసుకుని భద్రంగా దాచండి.

ఆ రోజు బండి ఎవరికైనా తగిలి ఉంటే ఇదంతా చిన్నదైపోయేది. మైనరు చేతికి బండి తాళం దొరికిన కేసులో పరిహారం భారం యజమానిదేనని, బీమా కంపెనీ ముందు చెల్లించి ఆయన దగ్గర వసూలు చేసుకోవచ్చని సుప్రీంకోర్టు 2011లో తేల్చింది. మీ ఆయన కువైట్‌లో పడుతున్న కష్టమంతా దానికే పోయేది. ఆ తాళం ఈ రోజు నుంచి మీ బీరువాలో ఉండాలి.

వాడికి కాలేజీకి బండి తప్పదంటే బ్యాటరీ స్కూటీ ఉంది. మోటారు 250 వాట్లలోపు, వేగం గంటకు 25 కిలోమీటర్లలోపు, బరువు కూడా నిబంధనలోపే ఉంటే చట్టం దాన్ని మోటారు వాహనంగా లెక్కించదు. షాపువాడి మాట మీద కొనకండి, ఆమోద పత్రం అడిగి అంకెలు మీరే చదవండి. వేగం పెంచి ఇస్తామంటే వద్దనండి, పెంచితే అది మళ్లీ లైసెన్సు కావాల్సిన బండే.

వాయిదాకు ముందే సమన్లు, చార్జిషీటు, ఎల్ఎల్ఆర్, ఆర్సీ, బీమా, పదో తరగతి మెమో, మీ ఆయన పాస్‌పోర్టులో ముద్రలున్న పేజీల కాపీలు వకీలుకు ఇవ్వండి. సీజ్ అయిన బండి స్టేషన్ ఎండలో పాడైపోకుండా కేసు తేలేదాకా బండి మీ దగ్గరే ఉంచమని అడిగే తాత్కాలిక కస్టడీ పిటిషన్ కూడా అదే రోజు వేయించండి. అది యజమాని పేరు మీద వేయాలి, కాబట్టి మీ ఆయన వకాల్తా, మీ పేరు మీద అధికార పత్రం రెండూ ఆలోపే కువైట్ నుంచి అందాలి.